తీరిక, సెలవు, ఖాళీ: గణపవరం–కొల్లేటి సీమలో పని, విరామాల చరిత్ర

వ్యాససంగ్రహం:

పనిలో సార్థకత, పని లేని వేళలో నెమ్మది మనిషికి ఎప్పుడు దక్కుతాయన్న ప్రశ్నను తాత్త్వికులు తరచుగా వ్యక్తి మనస్సుకు సంబంధించినదిగా చర్చించారు. ఈ వ్యాసం ఆ ప్రశ్నను గణపవరం పరిసర గోదావరి డెల్టా, కొల్లేటి ప్రాంతాల చరిత్రలో పరిశీలిస్తుంది. విరామాన్ని తెలిపే తీరిక, సెలవు, ఖాళీ అనే మూడు మాటల అర్థభేదాన్ని ఆధారం చేసుకొని, 1852 నాటి ఆనకట్ట నుండి నేటి రొయ్యల చెరువుల వరకు ఇక్కడి కాలవిభజన మారిన తీరును వివరిస్తుంది. విరామం ఎంత దొరికింది అన్నదాని కన్నా, పనికి కంటికి కనిపించే ముగింపు ఉందా, ఆ విరామం ఇరుగుపొరుగు విరామంతో కలిసిందా అన్నవి ముఖ్యమని ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: తీరిక, కాలక్షేపం, సార్వా, దాళ్వా, పాలేరు, లేసు అల్లిక, కొల్లేరు, చెరువు కాపలా.

1. ఉపోద్ఘాతం

గణపవరం తాడేపల్లిగూడేనికి నైరుతి దిక్కున, కొల్లేటికి తూర్పున ఉన్న మాగాణి సీమలోనిది. ఒకవైపు గోదావరి కాలువల కింద సాగయ్యే వరి, మరొకవైపు చేపల, రొయ్యల చెరువులు ఈ ప్రాంతపు నేటి రూపం. డెల్టా చరిత్రను వివరించేటప్పుడు ఆనకట్ట, దిగుబడి, భూమిశిస్తు, వ్యవసాయ మిగులు, దానివల్ల వచ్చిన విద్య, వలసలు ప్రధానాంశాలుగా నిలుస్తాయి. ఆ మిగులు ధాన్యంతో పాటు మిగిలిన మరొకటి కాలం. ఆ కాలం ఎవరికి మిగిలింది, వారు దానినేమి చేసుకున్నారు, అది ఎప్పుడు ఎవరి చేతి నుండి జారిపోయింది అన్నవి కూడా చరిత్రకు సంబంధించిన ప్రశ్నలే.

పని, విరామం అన్నవి ఒకదానికొకటి వ్యతిరేకమైనవన్న భావన కర్మాగారపు గంటతో బలపడింది. చరిత్రకారుడు ఇ.పి. థాంప్సన్ 1967లో ప్రచురించిన ప్రసిద్ధ వ్యాసంలో, పారిశ్రామికీకరణకు పూర్వం శ్రామికులు కాలాన్ని గడియారంతో కాక చేయవలసిన పనితో కొలిచారని, అక్కడ శ్రమకూ సాంఘిక జీవితానికీ నడుమ గట్టి సరిహద్దు ఉండేది కాదని వివరించారు. ఆ విశ్లేషణ ఇంగ్లండుకు సంబంధించినది. గోదావరి డెల్టాలో కాలాన్ని మలచినది మిల్లు గంట కాదు, కాలువ నీరు. కాబట్టి ఇక్కడి మార్పును ఇక్కడి మాటలతోనే చదవవలసి ఉంటుంది.

2. మూడు మాటలు, మూడు ఏర్పాట్లు

‘తీరిక’ అన్న మాట ‘తీరు’ అనే క్రియ నుండి ఏర్పడింది. అప్పు తీరుతుంది, ఆకలి తీరుతుంది, ముచ్చట తీరుతుంది, పని తీరుతుంది. ఈ ప్రయోగాలన్నింటిలోనూ ఒకటి తన నిండుదనాన్ని చేరి ముగియడమన్న అర్థం ఉంది. తీరుబడి, తీరుబాటు అన్నవీ ఈ కోవలోనివే. అందువల్ల తీరిక అంటే ఏమీ లేని స్థితి కాదు. ఏదో ఒకటి పూర్తయిన తరువాతి స్థితి. పని లేకుండా తీరిక లేదన్నది ఆ పదనిర్మాణంలోనే ఉంది.

‘సెలవు’ దారి వేరు. దానికి అనుజ్ఞ, ఆజ్ఞ అన్నవి ప్రధానార్థాలు. పెద్దలు ‘సెలవిస్తారు’, వెళ్లేవారు ‘సెలవు తీసుకుంటారు’. పాఠశాల, కచేరీ, కంపెనీ వచ్చాక ఆ మాట పనిదినం కాని రోజుకు పేరైనా, ఇచ్చేవారొకరు, పుచ్చుకునేవారొకరు అన్న సంబంధం అందులో చెరగలేదు. పని పూర్తయినా సెలవు దొరకకపోవచ్చు. పని సగంలో ఉన్నా సెలవు రావచ్చు.

‘ఖాళీ’ అరబ్బీ మూలం నుండి హిందుస్తానీ ద్వారా తెలుగులో స్థిరపడింది. గిన్నె ఖాళీ, గది ఖాళీ, ఉద్యోగం ఖాళీ. ‘అతడు ఖాళీగా ఉన్నాడు’ అన్నప్పుడు మనిషిని నింపవలసిన పాత్రగా చూడటం కనిపిస్తుంది. తీరికలో ఉన్న నిండుదనం ఇందులో లేదు.

ఈ మూడు మాటలు పల్లెలోని మూడు రకాల కూలి ఏర్పాట్లకు దగ్గరగా ఉండటం గమనింపదగినది. గుత్త పనిలో ఒప్పుకున్న చేను ఊడ్చగానే కూలీల ముఠా ఇంటిదారి పడుతుంది. అక్కడ విరామం పని తీరడం వల్ల వస్తుంది. ఏడాది జీతానికి కుదిరిన పాలేరుకు విరామం యజమాని సెలవు వల్ల వస్తుంది. కాపలా మనిషికి శ్రమ కనిపించని గంటలు ఎన్నో ఉంటాయి. అయినా అతడు ఆ చోటు విడిచి కదలడానికి లేదు. అతడిది ఖాళీయే గాని తీరిక కాదు. గుత్తలోనూ త్వరపడి ఒళ్లు హూనం చేసుకోవడమనే కీడు ఉన్నది. అయినా ఈ భేదం విరామాన్ని గంటల లెక్కతో మాత్రమే కొలవలేమని చూపుతుంది.

3. కాలువ పంచాంగం

1832–33 నాటి నందన కరువు తీరాంధ్రాన్ని కుంగదీసింది. ఆ తరువాత ఆర్థర్ కాటన్ సూచనపై ధవళేశ్వరం వద్ద 1847లో మొదలైన ఆనకట్ట 1852లో పూర్తయింది. పశ్చిమ డెల్టాకు నీరిచ్చే కాలువలలో ఒకటైన ఏలూరు కాలువ తాడేపల్లిగూడెం మీదుగా సాగి, ఏలూరు వద్ద కృష్ణా కాలువల వ్యవస్థతో కలిసింది. సాగునీటితో పాటు సరకులు, ప్రయాణికులు కూడా ఈ కాలువల మీదే కదిలారు.

వానను నమ్ముకున్న సాగులో పని లేని రోజులు భయంతో గడిచే రోజులు. మబ్బు పట్టేవరకు రైతుకు చేయడానికి ఏమీ ఉండదు. కాని ఆ ఊరకుండటంలో నెమ్మదీ ఉండదు. కాలువలు ఆ భయాన్ని చాలా వరకు తొలగించాయి. ఎండాకాలంలో మరమ్మతులకు, పూడికతీతకు కాలువలు కట్టివేయడం, జూన్ ప్రాంతంలో తిరిగి వదలడం అన్న క్రమం ఏర్పడింది. నీరు ఎప్పుడు వస్తుందో ముందుగా తెలిసినందువల్ల, అది రాని కాలానికి కూడా ఒక హద్దు ఏర్పడింది. రేపటి మీద నమ్మకం కుదిరిన తరువాతే నేటి విరామం విశ్రాంతి కాగలిగింది.

ఇక్కడ ఒక భ్రమను తొలగించుకోవాలి. వేసవిలో ఊరంతా అరుగుల మీద చేరిన ఆ ‘అనాది’ పల్లె తీరిక నిజానికి అంత అనాది కాదు. మాగాణి గ్రామాలలో దాని ఆకారాన్ని ఇంజనీర్ల లాకులు, ప్రభుత్వపు నీటి వేళలు నిర్ణయించాయి. రైతుకు తీరికగా కనిపించినది ఒక అర్థంలో ప్రభుత్వశాఖ ఇచ్చిన సెలవే.

సార్వా వరి కోత, కుప్ప, నూర్పు ముగిసేసరికి సంక్రాంతి వచ్చేది. పండుగలోని దానాలు, హరిదాసులు, గంగిరెద్దులు, పిండివంటలు గాదెలో ధాన్యం చేరిందన్న దానికి బహిరంగ ప్రకటనలు. రెండో పంట దాళ్వా విస్తరించిన కొద్దీ ఆ సందు ఇరుకైంది. సంక్రాంతి నాటికే దాళ్వా నారుమళ్లు ఎదిగి ఉంటాయి; పండుగ దాటగానే, కొన్నిచోట్ల పండుగ నాటికే ఊడ్పులు. 1925లో స్థాపితమైన మారుటేరు వరి పరిశోధన కేంద్రం నుండి 1982లో వచ్చిన ‘స్వర్ణ’ వంటి రకాలు దిగుబడిని ఎంతో పెంచాయి. ఎరువు, పురుగుమందు, యంత్రం తోడైన ఆ సాగులో కుటుంబానికి ఆదాయం పెరిగింది; రెండు పంటల నడుమ ఊపిరి పీల్చుకునే వ్యవధి తగ్గింది. ఆ లాభాన్ని కాదనలేము. ఆ తరుగును లెక్కలోకి తీసుకోకుండానూ ఉండలేము.

4. కాలక్షేపం: తీరికకు ఏర్పడిన సంస్థలు

‘కాలక్షేపం’ నేటి వాడుకలో పొద్దుపోని వాడి వ్యాపకం. కాని ‘పురాణ కాలక్షేపం’, ‘హరికథా కాలక్షేపం’ అన్న ప్రయోగాలలో అది గౌరవవాచకం. ‘వారికి కాలక్షేపానికి లోటు లేదు’ అన్నప్పుడు జీవనోపాధి అన్న అర్థమూ ఉంది. బతుకుతెరువుకూ, పురాణశ్రవణానికీ, పొద్దుపుచ్చడానికీ ఒకే మాట సరిపోయిన భాషలో పనికీ విరామానికీ మధ్య గోడ పలుచనైనదని అర్థమవుతుంది.

ఆదిభట్ల నారాయణదాసు (1864–1945) తీర్చిదిద్దిన హరికథ, ఆయన తరువాత తీరాంధ్ర పల్లెలలో రాత్రులను నింపింది. తిరుపతి వేంకట కవులలో దివాకర్ల తిరుపతిశాస్త్రి (1872–1920) భీమవరం దగ్గరి యండగండిలో జన్మించారు. ఆ జంటకవుల పాండవ నాటకాల పద్యాలు చదువు రానివారి నోట కూడా నిలిచాయంటే, వాటిని తెల్లవార్లూ కూర్చుని వినడానికి తగిన తీరిక ఆ గ్రామాలలో ఉండటం అందుకొక కారణం. పద్యనాటకం దీర్ఘమైన కళ. రాగం తీయడానికి, ప్రేక్షకులు మళ్లీ పాడమనడానికి, నటుడు మళ్లీ పాడడానికి వ్యవధి కావాలి. రేపు ఉదయం చేనికి వెళ్లవలసినవాడు ‘వన్స్‌మోర్’ అనడు.

శ్రమలోనే ఆనందం కలిగిన సందర్భాలకు జానపద గేయాలు సాక్ష్యం. నేదునూరి గంగాధరం ‘మిన్నేరు’లో, బిరుదురాజు రామరాజు తమ పరిశోధనలో శ్రామిక గేయాలకు సముచిత స్థానం ఇచ్చారు. ఊడ్పులలో, కలుపులో, దంపుడులో పాట శ్రమను మరపించడమే కాదు, పది చేతుల కదలికను ఒక లయకు తెస్తుంది. అయితే పాట పుట్టినంత మాత్రాన శ్రమ సుఖంగా ఉండేదని తేల్చలేము. బురదలో నడుము వంచిన మనిషి పాడేది సంతోషంతోనే కానక్కరలేదు. ఆ శ్రమ ఒంటరిది కాదన్నది మాత్రం పాట చెబుతుంది.

తీరికను చదువు వైపు మళ్లించినది గ్రంథాలయోద్యమం. అయ్యంకి వెంకటరమణయ్య కృషితో 1914లో బెజవాడలో ఆంధ్రదేశ గ్రంథాలయ సమావేశం జరిగింది. పల్లెలలో పఠనమందిరాలు వెలిశాయి. అక్షరం తెలిసినవాడు పత్రిక చదివితే పదిమంది వినడం ఒక అలవాటైంది. ఈ ఉద్యమం కాలువ ప్రయాణాన్ని కూడా వదలలేదు. 1935లో పాతూరి నాగభూషణం కృష్ణా డెల్టాలో పెదవడ్లపూడి, కొల్లిపరల మధ్య పడవ గ్రంథాలయాన్ని నడిపించారు. పడవలో కూర్చున్న ప్రయాణికుడి కాలం పనీ కాదు, సెలవూ కాదు. దిగేవరకు చేయగలిగినదేమీ లేని ఖాళీ. దానికి ఒక పుస్తకాన్ని, దానిని గురించి మాట్లాడుకునే తోటి ప్రయాణికులను చేర్చడంతో ఆ ఖాళీ తీరికగా మారింది. ఎలాంటి ఖాళీకైనా ఈ మార్పు సాధ్యమేనా అన్న ప్రశ్న మాత్రం మిగులుతుంది.

5. ఎవరి తీరిక?

ఇంతవరకు చెప్పిన తీరిక భూమి ఉన్నవారిది. కాలువ కట్టిన నెలలు రైతుకు నాటకాల నెలలైతే, రోజు కూలికి అవి కూలి లేని నెలలు. ఒకే ఊరిలో, ఒకే వేసవిలో, ఒకరి తీరిక మరొకరి పస్తు. అందువల్ల ఆనాటి పల్లె విరామాన్ని అందరికీ చెందిన స్వర్ణయుగంగా చిత్రించడం చారిత్రకంగా నిలవదు.

పాలేరుకు ఆ వేసవి కూడా లేదు. పశువుల మేత, పేడ, దొడ్డి, కబురు మోయడం అన్నవి పంటతో తీరే పనులు కావు. గోదావరి సీమకే చెందిన బోయి భీమన్న తన ‘పాలేరు’ నాటకంలో దళిత బాలుడు పాలేరుతనం నుండి చదువు వైపు నడవడాన్ని చిత్రించారు. ఆ నాటకంలోని వివాదం కూలి మీద మాత్రమే కాదు, పిల్లవాడి పగటి వేళ ఎవరిదన్న దాని మీద కూడా. బడికి వెళ్లడమంటే ముందుగా తన కాలాన్ని తాను దక్కించుకోవడం. స్వాతంత్ర్యానంతరం చింతలపాటి వరప్రసాద మూర్తిరాజు వంటివారు నిడమర్రు, గణపవరం పరిసరాలలో నెలకొల్పిన విద్యాసంస్థలను కూడా ఈ దృష్టితో చూడవచ్చు. పల్లెలో బడి, కళాశాల అంటే కొన్నేళ్ల పాటు కూలికి కాని, చాకిరీకి కాని లెక్కకట్టని వయస్సును పేదపిల్లలకు కూడా కల్పించడం.

స్త్రీల విషయంలో ‘తీరిక’ అన్న మాటే ఒక మరుగైంది. ఇదే డెల్టాలో, వశిష్ఠ గోదావరి సముద్రంలో కలిసే చోటికి చేరువలో ఉన్న నరసాపురంలో, 19వ శతాబ్దంలో క్రైస్తవ మిషనరీల ద్వారా లేసు అల్లిక ప్రవేశించింది. అది క్రమంగా విదేశీ ఎగుమతి పరిశ్రమగా పెరిగింది. జర్మన్ సామాజిక శాస్త్రవేత్త మరియా మీస్ ఈ అల్లికపై చేసిన అధ్యయనం 1982లో గ్రంథంగా వెలువడింది. దారం ఏజెంటు ఇస్తాడు, నమూనా వ్యాపారి ఇస్తాడు, కూలి ముక్కకింత. స్త్రీలు ఇంటి చాకిరీకి తోడు రోజుకు ఎన్నో గంటలు అల్లినా, వారు కార్మికులుగా కాక గృహిణులుగానే లెక్కకు వచ్చారు. ఇంట్లో ఊరకే కూర్చున్న స్త్రీల పొద్దుపోయే వ్యాపకమన్న పేరు ఆ కూలిని అతితక్కువగా నిలిపి ఉంచిందని మీస్ నిరూపించారు. పొలం పనికి వెళ్లకపోవడం గౌరవచిహ్నమైన కుటుంబాలలో ఆ పేరును స్త్రీలు కూడా అంగీకరించవలసి వచ్చింది. పనిని తీరికగా పిలిస్తే శ్రమ కనిపించదు. శ్రమ కనిపించకపోతే అది తీరే ఘడియా రాదు.

ఈ ఉదాహరణ ఒక హెచ్చరిక. ఇష్టంగా చేసే పని, ఇంటిపట్టున చేసే పని, వేళాపాళా లేని పని అని పొగడిన చోట, ఆ పొగడ్త వల్ల ఎవరికి లాభమో కూడా అడగవలసి ఉంటుంది. అల్లికలో నైపుణ్యం ఉంది, అందం ఉంది, అల్లిన చేతికి తృప్తి కూడా ఉండవచ్చు. ఆ తృప్తి ఉన్నంత మాత్రాన కూలి తగ్గించడం న్యాయం కాదు.

6. చెరువు గట్టు మీది కాలం

కొల్లేరు కృష్ణా, గోదావరి డెల్టాల నడుమ ఉన్న మంచినీటి సరస్సు. బుడమేరు, తమ్మిలేరు వంటి ఏరుల నీటిని తీసుకొని ఉప్పుటేరు ద్వారా సముద్రంలోకి వదులుతుంది. వర్షాకాలంలో పొంగడం, వేసవిలో తగ్గడం అన్న సరస్సు లయను బట్టి లంకగ్రామాలలో తాటిదోనెల వేట, నీరు తీసిన నేలలో వరి సాగు నడిచేవి. అక్కినేని కుటుంబరావు నవల ‘కొల్లేటి జాడలు’ చేపల చెరువులకు పూర్వపు ఆ జీవితాన్ని, తరువాతి విచ్ఛిన్నతను చిత్రించింది.

1970వ దశకం ఉత్తరార్ధంలో ప్రభుత్వం సరస్సు భూములలో సహకార సంఘాలకు చేపల చెరువులు ఇచ్చింది. ఆ తరువాతి రెండు దశాబ్దాలలో ప్రైవేటు చెరువులు సరస్సును, చుట్టుపక్కల వరిచేలను ఆక్రమించాయి. 1999లో 5 అడుగుల కాంటూరు వరకు 308 చదరపు కిలోమీటర్ల ప్రాంతాన్ని అభయారణ్యంగా ప్రకటించారు. 2002లో కొల్లేరు రాంసార్ చిత్తడినేలల జాబితాలో చేరింది. 2006లో సుప్రీంకోర్టు ఆదేశాల మేరకు అభయారణ్య పరిధిలోని చెరువుల గట్లను తెగ్గొట్టారు. సరస్సు వెలుపల చెరువుల విస్తరణ ఆగలేదు. 2009లో వనామి రొయ్యకు దేశంలో అనుమతి లభించిన తరువాత గణపవరం, భీమవరం, ఆకివీడు ప్రాంతాలలో అది మరింత ఊపందుకుంది.

ఈ మార్పును పర్యావరణ దృష్టితో, ఆర్థిక దృష్టితో విస్తారంగా చర్చించారు. కాలం దృష్టితో చూస్తే మరొక అంశం తేటపడుతుంది. వరికి ఊరంతటికీ ఒకే పంచాంగం ఉండేది. నీరు వచ్చినప్పుడు అందరూ దుక్కిలో, కోతనాడు అందరూ కోతలో. చెరువుకు ఆ ఉమ్మడి పంచాంగం లేదు. ఒక చెరువులో పిల్ల వదిలిన వారంలోనే పక్క చెరువులో పట్టుబడి. తెల్లచేపకు ఏడాదికి దగ్గరగా, వనామికి మూడు నాలుగు నెలలు. ఏ చెరువు లెక్క దానిది. ఒక ఇంటి తీరిక పక్క ఇంటి తీరికతో కలవదు. ఊరికంతటికీ కలిపి ‘పని తీరింది’ అనదగిన రోజు చెరిగిపోయింది.

చెరువు గట్టు మీది మకాంలో నివసించే కాపలా కుటుంబం స్థితి దీనికి తార్కాణం. పొద్దున్నే పడవలో వెళ్లి, చిల్లులు పెట్టిన మేత సంచులను కర్రలకు, తాళ్లకు కట్టి రావడం చేపల చెరువులో ముఖ్యమైన పని. ఆ తరువాత పగలంతా కంటికి కనిపించే శ్రమ తక్కువ. రొయ్యల చెరువులో తెల్లవారుజాముకు నీటిలో ప్రాణవాయువు బాగా పడిపోతుంది కనుక రాత్రంతా ఏరియేటర్ల మీద, కరెంటు మీద కన్నువేసి ఉండాలి. ఒక్క గంట ఏమరుపాటు పంటంతటినీ పోగొట్టగలదు. చూసేవారికి అతడు ‘ఖాళీగానే’ ఉన్నాడు. కాని అతడు పెళ్లికి వెళ్లాలంటే గుమస్తా సెలవు కావాలి. నిద్రపోవాలంటే మరొకరు మేలుకోవాలి. పట్టుబడి నాడు పంట తీరుతుంది. అతడి కాపలా తీరదు, పక్క చెరువుకో మరుసటి పంటకో మారుతుంది. పడవ ప్రయాణికుడి ఖాళీ తీరికగా మారగలిగినందుకు రేవు వస్తుందన్న నమ్మకం, పక్కన మనుషులు ఉండటం కారణాలు. గట్టు మీది ఖాళీకి ఆ రెండూ లేవు. చేతిలోని సెల్‌ఫోన్ ఆ గంటలను నింపుతుంది గాని వాటికి ముగింపును ఇవ్వదు.

7. ఒక పోలిక

వియన్నా సమీపంలోని మరియెంతాల్ అనే ఊరిలో బట్టల మిల్లు మూతపడి ఊరంతా నిరుద్యోగం పాలైనప్పుడు మేరీ యహోదా, పాల్ లాజర్స్‌ఫెల్డ్, హాన్స్ జైసెల్ చేసిన అధ్యయనం 1933లో వెలువడింది. ఊరివారికి ఎన్నడూ లేనంత కాలం చేతికి వచ్చింది. అయినా గ్రంథాలయం నుండి పుస్తకాలు తీసుకోవడం పెరగలేదు, బాగా తగ్గింది. మగవారి నడక సైతం మందగించింది. ఆడవారికి మాత్రం ఇంటి చాకిరీతో పొద్దు చాలలేదు. అపరిమితమైన ఖాళీ దానంతట అదే తీరిక కాదని ఆ అధ్యయనం చూపింది.

మరియెంతాల్‌లో పని పోయింది. గట్టు మీద పని పోలేదు, దాని ముగింపు పోయింది. ఆ గ్రంథాలయానికి, పడవ గ్రంథాలయానికి మధ్య భేదం పుస్తకాలలో లేదు. చదివేవారి కాలానికి ముందూ వెనుకా ఏమున్నదన్న దానిలో ఉంది. నరసాపురం ఇంటిలోను, మరియెంతాల్ ఇంటిలోను స్త్రీ శ్రమ తీరకపోవడం ఈ రెండు చరిత్రలకూ సమానమైన అంశం.

8. ముగింపు

పైన చూసిన చరిత్ర నుండి మూడు విషయాలు తేలుతున్నాయి. మొదటిది: పని సార్థకమనిపించడానికి దాని ముగింపు చేసినవారి కంటికి కనిపించాలి, గాదెలో ధాన్యం అలాంటి ముగింపు, నెల జీతపు కాపలా కాదు. రెండవది: విరామం ఎవరి అనుజ్ఞ మీద ఆధారపడి ఉన్నదన్న దానిని బట్టి దాని విలువ మారుతుంది; పాలేరుకు, గుమస్తా కింది కాపలా మనిషికి ఆ ఆధారపడటంలో భేదం స్వల్పమే. మూడవది: తీరిక ఒక్కరికే దక్కితే నిలవదు, హరికథకు సభ కావాలి, పత్రిక చదివేవాడికి వినేవారు కావాలి, సంక్రాంతికి ఊరు కావాలి.

ఉమ్మడి తీరికను పోగొట్టుకున్నామని వగచి, దాళ్వా లేని, చెరువులు లేని కాలానికి మరలిపోవడం జరిగేది కాదు. ఆ కాలపు తీరిక కూలికి, పాలేరుకు, స్త్రీకి చెందినదీ కాదు. అయితే ఆక్వా సాగు లాభనష్టాలను టన్నులలో, రూపాయలలో లెక్కించినట్లే, గట్టు మీది కుటుంబానికి ఏడాదిలో ఎన్ని రోజుల తీరిక దక్కుతున్నదని, అవి బంధువుల, బడిపిల్లల తీరిక రోజులతో కలుస్తున్నాయా అని కూడా లెక్కించడం సాధ్యమే. కాపలాకు వంతులు, పట్టుబడి తరువాత కూలి కోతపడని విరామం, అల్లికకు గంటలను బట్టి కూలి అన్నవి ఆ లెక్క నుండి సహజంగా వచ్చే ఆలోచనలు. పల్లె శ్రమజీవుల మౌఖిక కథనాలను సేకరించే పరిశోధకులు ‘ఏం పని చేశారు’ అన్న ప్రశ్నతో పాటు ‘ఎప్పుడు తీరేది’ అన్న ప్రశ్నను కూడా అడిగితే, డెల్టా చరిత్రలో ఇంతవరకు రాయని ఒక అధ్యాయానికి ఆధారాలు సమకూరుతాయి.